పదిహేడో రాయికి ఆరు గొలుసులు

"లోపలికి రా పాప. మెట్టు కిందే నిలబడిపోయేవేటి?"

"వద్దత్తా. ఒంటి మీద నీళ్ళు కూడా పోసుకోకుండా అలాగే వచ్చీసేను."

"నీకున్న మైల మాకు లేదేటి? తోడబుట్టినోడి ఇల్లిది. రా."

"మావయ్య రమ్మంటే వస్తాను."

"నాను రమ్మనడానికి, వద్దనడానికి ఎవుర్ని? అరుగుంది. కూకో."

1986 వేసవి. గాజువాక అవతల ఓ అద్దె పెంకుటిల్లు. ఆదివారం మధ్యాహ్నం రెండు దాటింది. అరుగు మీద గవర్రాజు, గడప లోపల అతని భార్య చిలకమ్మ, మెట్టు కింద అతని అక్క కూతురు పద్మావతి. అక్క సూర్యకాంతమ్మ ఆ పొద్దున్నే పోయింది. తమ్ముడు ఆమె గుమ్మం తొక్కి పదేళ్ళయింది.

"ఐదున్నరకి మావయ్యా. మంచినీళ్ళడిగింది. నేను గ్లాసు తెచ్చేసరికి లేదు."

"విన్నాను. మా షెడ్డు కుర్రోడొకడు సైకిలేసుకొచ్చి సెప్పేడు."

"విని?"

"విని ఏటి సెయ్యాల? విన్నాను."

"పుట్టింటి చీర కోసం ఆపేరు. నాలుగున్నరకి ఎత్తాలంటన్నారు. వచ్చినవాళ్ళందరూ వీధి గుమ్మం కేసి చూస్తన్నారు."

"కొట్లో దొరకవేటి సీరలు? ఫ్యాక్టరీ ఉద్యోగం కదా మీ నాన్నది. కొనమను."

"కొట్లోది కప్పితే అది మొగుడు కొన్న చీరవుద్ది మావయ్యా. పుట్టింటిదవదు."

"ఏటయ్యా ఆ మాటలు? పొద్దున్నించీ చూస్తన్నాను. ఆ గొళ్ళెం మేకు ఎన్నిసార్లు సరి సేత్తావు? తలుపు నిన్న బాగానే పడింది."

"వదులుగుంది సిలకా. గాలికి కొట్టుకుంటంది."

"నువ్వే వచ్చేవేటమ్మా? ఎవుర్నో ఓ మొగోణ్ణి పంపకపోయేరా?"

"ఎవర్ని పంపినా మావయ్య రాడత్తా. అందుకే నేనొచ్చేను. నాన్న వద్దన్నాడు. అమ్మ దగ్గర కూర్చోమన్నాడు. కూర్చుంటే ఏడుపు రావట్లేదు. అందరూ నన్నే చూస్తన్నారు. లేచి వచ్చీసేను."

"నాకూ రాలేదు."

"నిన్నెవరూ చూడ్డం లేదు కదా మావయ్యా."

"మీ నాన్న రమ్మన్నాడా నన్ను?"

"అమ్మ రమ్మంది."

"సచ్చిపోయినాక రమ్మన్నాదేటి?"

"నిన్న సాయంత్రం అంది. నీకు ఒకటి చెప్పమంది, ఒకటి అడగమంది. చెప్పేదానికి పావుగంట పడుద్ది. అడిగేది ఒక్క ముక్క. రెండూ అయ్యాక కూడా రానంటే..."

"రానంటే?"

"చీర లేకుండానే ఎత్తీస్తాం. నాలుగున్నర దాటి ఆపలేరు. ఎండలు."

"సెప్పు మరి. సెప్పి ఎల్లు."

"కార్డు సంగతి మావయ్యా."

"ఆ మాటొద్దు."

"ఆ మాటే."

"పది మందిలో అడిగేను మీ నాన్నని. ఫ్యాక్టరీ కింద రెండిళ్ళు పోయినాయి, పోయిన ఇంటికో కార్డు, కార్డుకో ఉద్యోగం అన్నారు. మరి మనకి కార్డు ఒక్కటే వచ్చినాదేటి, అదీ నీకే వచ్చినాదేటి బావా, అని. నేల కేసి సూసేడు. తప్పు సెయ్యనోడు నేల కేసి సూత్తాడా?"

"నాన్నకీ తెలీదు మావయ్యా, ఎందుకొచ్చిందో."

"తెలీకుండానే తీసుకున్నాడు. తెలీకుండానే క్వార్టర్సుకి ఎల్లిపోయేడు. నాను ఆటోనగర్‌లో లారీలకి సెక్కలు బిగిస్తన్నాను. తెలిసేడిసిందెవుడికి?"

"రెండిళ్ళూ తాతయ్య పేరు మీదే ఉన్నాయి కదా."

"ఉంటే? అయ్య దానికో ఇల్లిచ్చేడు, నాకో ఇల్లిచ్చేడు. దానిది సముద్రం వైపు, నాది కొండ వైపు. మధ్యలోంచి ఫ్యాక్టరీకి రైలు గీత పోయినాది. ఊరందరికీ తెలుసు."

"ఊరికి తెలుసు. కాయితానికి తెలీదు. నెల కిందట, జబ్బు ముదిరేక, అమ్మ నాన్నకి ఓ సంగతి చెప్పింది. నాన్న ఎవరెవర్నో పట్టుకుని పాత సర్వే పుస్తకంలో ఆ పేజీ ఫొటోస్టాట్ తీయించేడు. ఇదిగో."

"నూనె మరక పడిన పేజీయేనా?"

"అవును. ఈ నల్లగా వచ్చింది మరకేననుకున్నాం. నీకెలా తెలుసు?"

"సర్వే పుస్తకాలకి ఉండకేటి? గట్టు మీద కూకుని పులిహోర తినీవోరు, ఆ చేత్తోనే రాసీవోరు. సెప్పు, సెప్పు."

"అత్తా, ఓ బొగ్గుముక్క ఇలా పడెయ్."

"ఇంద. అరుగు మీద గీసీ. కడుక్కుంటాలే. ఎలాగూ ఈ పూట అన్నీ కడగాలి."

"ఇదిగో మావయ్యా, గీత. బళ్ళో ఏడో తరగతి పిల్లలకి ఇదే గీస్తాను. సంఖ్యారేఖ అంటాం. మధ్యలో సున్నా. కుడి చేతి వైపు ఒకటి, రెండు, మూడు. ఎడమ చేతి వైపు కూడా ఒకటి, రెండు, మూడే. కాని వాటి ముందర చిన్న అడ్డగీత. మైనస్."

"ఐదో తరగతిలో పలక పగలగొట్టీసి వచ్చీసినోణ్ణి నాను. నాకెందుకివి?"

"నీకు తెలిసినవే. రైలు గీత సున్నా అనుకో. సముద్రం వైపు కుడి. కొండ వైపు ఎడమ. మా ఇల్లు ఎక్కడ పెట్టను?"

"కుడికి ఆరు."

"మీ ఇల్లు?"

"ఎడమకి ఆరు."

"ఆరా, మైనస్ ఆరా?"

"నడిసీవోడికి మైనస్ అడుగులుంటాయేటి పాప? గీత దగ్గర నిలబడి సముద్రం కేసి ఆరు కొలతగొలుసులు లాగు. మళ్ళీ వచ్చి కొండ కేసి ఆరు గొలుసులు లాగు. రెండూ ఒకటే బరువు. రెండూ ఒకటే ఎండ. ఎటు లాగినా ఆరు ఆరే."

"పిల్లలకి ఆ మాట ఎక్కించడానికి నాకు మూడు రోజులు పడుద్ది. నువ్వు ఒక్క ముక్కలో చెప్పీసేవు."

"ఆళ్ళు పుస్తకంలో సదువుకుంటారు. నాను గొలుసు లాగేను."

"దాన్ని పరమమూల్యం అంటాం మావయ్యా. అంకెకి అటొక నిలువు గీత, ఇటొక నిలువు గీత పెడతాం. రెండు గోడల మధ్య గదిలా. ఆరుని గదిలో పెడితే ఆరే. మైనస్ ఆరుని పెట్టినా ఆరే. ఎందుకంటే ఆ గది అడిగేది ఒక్కటే, సున్నాకి నువ్వెంత దూరం అని. ఎటువైపని అడగదు."

"బావుంది. ఆ గది మన ఊళ్ళో ఉంటే ఈ గొడవే లేదు."

"ఆ గది వల్లే గొడవ. దూరం ఒక్కటీ చెప్తే ఇల్లు ఎక్కడుందో తెలీదు. సున్నాకి ఆరు గొలుసుల దూరంలో ఇల్లుందంటే, ఎక్కడికని వెళ్తావు?"

"ఇటూ ఎల్లొచ్చు, అటూ ఎల్లొచ్చు."

"మరి పుస్తకంలో చూడు. ఇది మా వరస, గీత మీద పాతిన రాయి, అక్కణ్నించి దూరం, ఇల్లు, తాతయ్య పేరు. పదిహేడో రాయి, ఆరు గొలుసులు, పెంకుటిల్లు, అప్పలసూరి. దాని కింద వరస మీది. పదిహేడో రాయి, ఆరు గొలుసులు, పెంకుటిల్లు, అప్పలసూరి."

"మా వరస అడ్డంగా కొట్టీసుంది కదా పాప?"

"అవునత్తా, గీత పెట్టి కొట్టీసేరు. పక్కన 'రెండుసార్లు రాసినది' అనుంది. ఎవరి మీదా కోపంతో కొట్టలేదు. నాన్న చెప్తే కొట్టలేదు. ఒకే రాయి, ఒకే అంకె, ఒకే పేరు. చూసిన గుమాస్తా ఒకటే ఇల్లనుకున్నాడు. ఆరులోంచి ఆరు తీసేస్తే ఎంత మావయ్యా?"

"నన్నడుగుతావేటి?"

"రెండిళ్ళ మధ్య దూరం కావాలంటే ఒకదాంట్లోంచి ఒకటి తీసి ఆ గదిలో పెట్టాలి. కాయితంలో ఆరులోంచి ఆరు పోతే సున్నా. మా ఇంటి మీదే మీ ఇల్లు కూర్చుంది. అదే మీ ఆరు ముందర అడ్డగీత ఉండుంటే, ఆరులోంచి మైనస్ ఆరు తియ్యాలి. అప్పుడు పన్నెండు. నేల మీదున్నది పన్నెండు గొలుసులే కదా?"

"పన్నెండే."

"పన్నెండు గొలుసులున్నా మా వదిన గొంతెత్తితే మా వీధి గుమ్మంలోకి వినబడీది. పాప లెక్కలో ఆ గొంతుకి చోటు లేదు గాని."

"నవ్వకు సిలకా."

"నవ్వట్లేదయ్యా. ఇంకా వినబడతన్నట్టుంది."

"అంటే రాసినోడు తప్పు రాసేడు. అంతేనా నువ్వు సెప్పేది?"

"రాసినవాడు విన్నదే రాసేడు మావయ్యా. మీ వైపున ఉన్న ఇళ్ళన్నీ చూడు. పదహారో రాయి, మైనస్ నాలుగు. పదహారో రాయి, మైనస్ తొమ్మిది. పద్దెనిమిదో రాయి, మైనస్ మూడు. అందరికీ ఉంది. మీకొక్కళ్ళకే లేదు. అరిచిందెవరు?"

"ఎండలో ఎంతమంది అరుస్తారు. ఎవుడికి గుర్తు?"

"గొలుసు చివర పట్టుకుని ఇంటి గోడకి ఆనించి, అక్కణ్నించి అంకె అరిచేది నువ్వు కదా. సర్వే జరిగిన ఆ నెల్రోజులూ నీకదే పని. సముద్రం వైపయితే ఉత్త అంకె, కొండ వైపయితే ముందర మైనస్ అని అరవమని సర్వే బాబు చెప్పేడట. నువ్వు పుస్తకం దగ్గరికి వెళ్ళీవోడివి కాదు. నువ్వు అరిచింది గట్టు మీద కుర్రాడు రాసీవోడు."

"ఇదంతా మీ అమ్మ సెప్పిందా?"

"అమ్మ ఆ రోజు మీ ఇంట్లోనే ఉంది."

"ఉంది. నాకు గుర్తే. నాకు తెల్లారగట్లే నొప్పులు మొదలయ్యేయి. వదిన అక్కడ పొయ్యి ఆర్పీసి, నిన్ను పక్కింట్లో ఒగ్గీసి, పరిగెత్తుకుంటా వచ్చింది. నీకప్పుడు పదేళ్ళుంటాయి."

"గొలుసు మీ గోడ దగ్గరికి వచ్చినప్పుడు ఏమైందత్తా?"

"ఏమవుద్ది. వదిన గుమ్మంలోకెళ్ళి అరిచింది. 'ఒరే గవర్రాజూ, ఆ మాట ఈ గుమ్మంలో అనకురా' అని. నాను మంచం మీద్నుంచి విన్నాను. ఏ మాటో నాకప్పుడు తెలీలేదు."

"మైనస్ అన్న మాట. పొద్దున్నించీ మావయ్య వీధంతా అదే అరుచుకుంటూ వస్తంటే, అంటే ఏటని సర్వే బాబుని అడిగిందట. తక్కువని చెప్పేడట. లోపల మనిషి పురిటి నొప్పులు పడతంటే, గుమ్మంలో నిలబడి తక్కువ, తక్కువ అని అరుస్తారేటి?"

"అనరు. బియ్యం అయిపోతే అయిపోయాయనమే, నిండుకున్నాయంటాం. అలాటిది ఇంటినే పట్టుకుని తక్కువంటారేటి? మా వదిన కాదు, నానున్నా అలాగే అందును."

"అదీ అమ్మ చెప్పమన్నది. 'నా మాట పట్టుకుని వాడు ఉత్త ఆరని అరిచేడు. ఆ అడ్డగీత నేనే చెరిపీసేను. వాడి కార్డు కొట్టింది మీ నాన్న కాదు, నేను.' ఇలాగే చెప్పమంది. ఒక్క ముక్క కూడా మార్చలేదు నేను."

"అంత జాగ్రత్త పడినా పిల్లాడు దక్కలేదు. మూడో రోజుకే. పేరు కూడా పెట్టలేదు."

"సిలకా, ఊరుకో."

"ఊరుకున్నాను కదయ్యా, పదకొండేళ్ళు. పురుడు పోసినందుకు వదినకి పెడదామని నెమలికంఠం రంగు చీర తెచ్చేవు. పిల్లాడు పోయేక ఏ మొహంతో పెడతామని పెట్టెలో పడేసేం. ఆ మరుసటేడు కార్డుల గొడవ. ఇంక అది అక్కడే ఉండిపోయింది. మడత కూడా విప్పలేదు."

"అమ్మకి ఆ చీర సంగతి తెలుసా అత్తా?"

"తెలీదు. ఎవరు చెప్తారు?"

"మరి అమ్మ అన్నేళ్ళు ఎందుకు చెప్పలేదని అడగవేటి మావయ్యా?"

"ఎందుకు సెప్పలేదు?"

"మొదట్లో తనకీ తెలీదు. గొడవయ్యేక, రాత్రుళ్ళు పడుకుని ఒక్కోటీ గుర్తు తెచ్చుకుందట. అప్పట్నుంచీ భయం. చెప్తే నువ్వు నాన్నని ఒగ్గీసి తన మీద పడతావని కాదు. చెప్తే నాన్న ఉద్యోగం తీసీసి నీకిచ్చెస్తారేమోనని. నేను చదువుకుంటన్నాను కదా. నా చదువయ్యేదాకా నోరు కట్టుకుంది. అయ్యేక ఓసారి చెప్పబోయింది. సంతలో."

"రెండేళ్ళయినాది. ఆదివారం సంత. సేపల తట్టల కాడ నా సైకిల్ హ్యాండిల్ పట్టుకున్నాది. 'ఒరే, నీతో ఒక మాట' అన్నాది."

"నువ్వు?"

"సైకిల్ దిగలేదు."

"కొర్రమీను కొంటానని వెళ్ళి ఆ రోజు ఉత్త సంచితో వచ్చింది. నాన్న నవ్వేడు. ఆ రోజు నుంచి సంతకెళ్ళలేదు."

"ఇంకా ఏటున్నాయి సెప్పడానికి?"

"చెప్పేవి అయిపోయాయి. అడిగేది ఉంది. మూడయింది మావయ్యా. బేగి చెప్తే నేను వెళ్తాను."

"అడుగు."

"'ఆ మాట నేను అనకుండా ఉండుంటే వాడు మైనస్ అని ఉండీవోడా, లేదా? వాణ్నే అడుగు. అది ఒక్కటీ తెలిస్తే చాలు' అంది. రాత్రంతా అదే. మగతలో కూడా అదే. డాక్టరు ఏటమ్మా ఈ మైనస్ అని నన్నడిగేడు. నువ్వు ఏటి చెప్తే అది, ఎత్తేముందు అమ్మ చెవిలో చెప్పీస్తాను. అలా చెప్తానని మాటిచ్చేను."

"సెవిలో సెప్తే వింటాదేటి?"

"వినదు. మాటిచ్చేను."

"సెప్పయ్యా. అవునో, కాదో. గుంటపిల్ల ఎంతసేపు ఎండలో నిలబడుద్ది?"

"సిలకా."

"ఊఁ?"

"పెట్టె తియ్యి. ఆ సీర తే."

"వస్తన్నావా మావయ్యా?"

"వస్తన్నాను. మీ నాన్న ఉంటాడు కదా అక్కడ?"

"ఉంటాడు. ఆయన్ని ఏమీ అనకు ఇవాళ."

"అనను. ఆడికి కూడా సెప్పాల."

"ఇదిగో చీర. మడతల్లో తెల్లగా గీతలు పడ్డాయి గాని చిరగలేదు. నానూ వస్తాను, తాళం వెయ్యి. గొళ్ళెం బాగయ్యిందా?"

"బాగానే ఉంది. మొదట్నించీ బాగానే ఉంది."

"మావయ్యా, నడుస్తూ చెప్పు పోనీ. నేను అమ్మకి ఏటని చెప్పను?"

"నువ్వు సెప్పక్కర్లేదు. నానే సెప్తాను."

"సరే. నాకు ఒకటి చెప్పు. ఈ పేజీ నువ్వు ముందే చూసేవు కదా? ఫొటోస్టాట్ నా చేతిలో మడతపెట్టే ఉంది. నూనె మరక సంగతి అప్పుడే అన్నావు."

"ఏటయ్యా? ఎప్పుడు చూసేవు?"

"కార్డులు పంచిన మర్నాడే. ఆఫీసుకెల్లి గొడవ పెడితే పుస్తకం తెచ్చి ముందర పడీసేరు. అందరికీ అడ్డగీత ఉంది, నాకు లేదు. సూసేను. వచ్చీసేను."

"వచ్చి, బావ కొట్టించేడని నాతో చెప్పేవు."

"సెప్పేను."

"అంటే నీకు తెలుసు మావయ్యా. అమ్మ మాట వల్లేనని పదేళ్ళుగా తెలుసు."

"మీ అమ్మ మాట వల్ల కాదు పాప. దానిలాగే నాదీ పాడు బుద్ధే, ఒక కడుపున పుట్టినోళ్ళం కదా. వీధిలో అందరి ఇళ్ళకీ మైనస్ అని అరిసేను, నా గోడ కాడికొచ్చేసరికి నోరు రాలేదు. అది పరిగెత్తుకుని గుమ్మంలోకి వచ్చేసరికే నాను ఉత్త ఆరని అరిసీసేను."